బయల్దేరకముందే మాయమైన విమానం

1937 జులై 2, ఉదయం 10 గంటలు. న్యూగినీలోని లే పట్టణంలో, సముద్రం ఒడ్డున ఆగిపోయే పొట్టి మట్టి రన్‌వే మీద చివరిదాకా పరుగెత్తి, ఇంధనం బరువుతో కష్టంగా గాల్లోకి లేచింది ఒక లాక్‌హీడ్ ఎలెక్ట్రా విమానం. నడుపుతున్నది, ప్రపంచాన్ని చుట్టిరావడానికి బయల్దేరిన అమెరికన్ పైలట్ అమీలియా ఇయర్‌హార్ట్. దారి లెక్కలు చూస్తున్నది ఫ్రెడ్ నూనన్.

అదే 1937 జులై 2, ఉదయం 8 గంటల 43 నిమిషాలు. పసిఫిక్ నడుమ ఆమె దిగవలసిన హౌలాండ్ దీవి దగ్గర కాచుకుని ఉన్న అమెరికా కోస్ట్‌గార్డ్ నౌక ఇటాస్కా రేడియో గదిలో ఆమె మాట వినిపించింది. తర్వాత ఆ విమానం సంగతి ఎవరికీ తెలియలేదు.

రెండు తేదీలూ సరైనవే, రెండు గడియారాలూ సరైనవే. లే పట్టణం గ్రీనిచ్ కంటే 10 గంటలు ముందుంది. ఇటాస్కా తన గడియారాన్ని గ్రీనిచ్‌కి పదకొండున్నర గంటలు వెనక్కి పెట్టుకుంది. నడుమ అంతర్జాతీయ దినరేఖ. విమానం గాల్లో ఉన్నది 20 గంటల 13 నిమిషాలు. కాగితం మీద మాత్రం బయల్దేరడానికి గంటా పదిహేడు నిమిషాల ముందే మాయమైంది.

ఎనభై ఎనిమిదేళ్ళు దాటినా ఈ కథ వచ్చినప్పుడల్లా ఎవరో ఒకరు అంటారు: టైమ్ మెషీన్ ఉంటే ఒక్కసారి వెళ్ళి చూసొచ్చేవాళ్ళం కదా అని. 1991లో ‘ఆదిత్య 369’ చూసిన మనకి ఈ కోరిక కొత్తది కాదు. ఆ సినిమాలో యంత్రం మనుషుల్ని ఏకంగా 1526కి, కృష్ణదేవరాయల కాలానికి పట్టుకుపోయింది. దానికి 1937 ఒక లెక్కా? సరదాకి అనే ఈ మాటని కాసేపు నిజంగానే తీసుకుందాం. వెనక్కి వెళ్ళడానికి భౌతికశాస్త్రం ఒప్పుకుంటుందా? ఒప్పుకున్నా, దర్యాప్తు చేసేవాడికి దానివల్ల ఒరిగేదేమిటి?

ముందుకి వెళ్ళడానికి ఇబ్బందేమీ లేదు. వేగంగా కదిలే గడియారం నెమ్మదిస్తుందని, గురుత్వాకర్షణ తక్కువైన చోట గడియారం తొందరపడుతుందని ఐన్‌స్టైన్ చెప్పాడు. 1971లో హఫెలే, కీటింగ్ అనే ఇద్దరు శాస్త్రవేత్తలు సీజియం పరమాణు గడియారాల్ని మామూలు ప్రయాణికుల విమానాలెక్కించి భూమి చుట్టూ తిప్పి చూశారు. తూర్పుకి వెళ్ళిన గడియారాలు నేలమీది గడియారం కంటే సుమారు 59 నానోసెకన్లు వెనకబడ్డాయి, పడమరకి వెళ్ళినవి సుమారు 273 నానోసెకన్లు ముందుకి జరిగాయి. అంటే తూర్పుకి వెళ్ళిన విమానంలోంచి దిగిన మనిషి అతి కొద్దిగా భవిష్యత్తులోకి దిగినట్టే. నానోసెకన్ అంటే సెకనులో వందకోట్లో వంతు కాబట్టి సంబరపడాల్సిందేం లేదు. కానీ జీపీఎస్ ఉపగ్రహాల దగ్గరికి వచ్చేసరికి ఇదే తేడా రోజుకి 38 మైక్రోసెకన్లవుతుంది. దాన్ని సరిదిద్దకపోతే మన ఫోన్ చూపించే చోటు రోజుకి పది కిలోమీటర్లకు పైగా తప్పుతూ పోతుంది. భాగవతంలో రైవతుడు కూతురు రేవతిని వెంటబెట్టుకుని బ్రహ్మలోకానికి వెళ్ళి, కాసేపు పాట విని తిరిగొచ్చేసరికి భూమ్మీద యుగాలు గడిచిపోతాయి. ఆ కథలో సాపేక్ష సిద్ధాంతం ఉందని వాదించే ఉద్దేశం నాకు లేదు. అయితే కథలో ఉన్న ప్రయాణం మాత్రం ఐన్‌స్టైన్ అనుమతించే దిశలోనే ఉంది. మనక్కావలసింది రెండో దిశ.

వెనక్కి వెళ్ళే దారిని గణితం పూర్తిగా మూసేయలేదు. 1949లో కర్ట్ గోడెల్ అనే తర్కశాస్త్రవేత్త ఐన్‌స్టైన్ సమీకరణాలకే ఒక వింత సమాధానం కనిపెట్టాడు. విశ్వమంతా గిర్రున తిరుగుతూ ఉంటే, అందులో సరైన దారి పట్టుకుని పోయేవాడు తన గతంలోకే తిరిగి రావచ్చు. చిక్కల్లా, మన విశ్వం అలా తిరుగుతున్న జాడ లేదు. తర్వాత 1980ల్లో కార్ల్ సేగన్ తన ‘కాంటాక్ట్’ నవల కోసం, నక్షత్రాల మధ్య త్వరగా ప్రయాణించే మార్గమేదైనా చెప్పమని భౌతికశాస్త్రవేత్త కిప్ థార్న్‌ని అడిగాడు. థార్న్ వర్మ్‌హోల్ గురించి ఆలోచించడం మొదలుపెట్టాడు. నవల కోసం మొదలైన ఆలోచన 1988లో అతనూ అతని సహచరులూ రాసిన పరిశోధన పత్రంలో టైమ్ మెషీన్ దగ్గర తేలింది.

ఆ యంత్రం పనిచేసే తీరు కొంచెం ఓపిగ్గా చూడాలి, ఎందుకంటే మన విమానం కథకి కావలసిన కీలకం అక్కడే ఉంది. వర్మ్‌హోల్ అంటే రెండు ద్వారాలున్న సొరంగం అనుకుందాం. 2050లో దాన్ని తయారుచేశాం. ఒక ద్వారాన్ని భూమ్మీదే ఉంచి, రెండోదాన్ని కాంతివేగానికి దగ్గరగా పరుగెత్తించి 2060లో వెనక్కి తెచ్చాం. మనకి పదేళ్ళు గడిచాయి. పరుగెత్తిన ద్వారానికి ఒక్క ఏడాదే గడిచింది. దాని పక్కన పెట్టిన గడియారం ఇంకా 2051 చూపిస్తుంది. సొరంగం లోపలివైపు నుంచి చూస్తే రెండు ద్వారాల గడియారాలూ ఎప్పుడూ ఒక్కటిగానే నడుస్తాయి. కాబట్టి 2060లో ఆ ద్వారంలోకి అడుగుపెట్టినవాడు ఇంటి దగ్గరున్న ద్వారంలోంచి 2051లోకి బయటికొస్తాడు. తొమ్మిదేళ్ళు వెనక్కి! అయితే ఎంత తంటాలు పడ్డా 2050కి ముందు కాలంలోకి మాత్రం పోలేడు. అప్పటికి సొరంగమే లేదు. 1937కి వెళ్ళాలంటే 1937కి ముందే ఎవరైనా ఒక ద్వారం తవ్వి సిద్ధంగా ఉంచి ఉండాలి.

ఆ సొరంగం కూలిపోకుండా నిలబడాలంటే రుణశక్తి అనే వింత సరుకు బోలెడంత కావాలి. అంత మొత్తంలో అది ఎక్కడా దొరకదు. పైగా ప్రకృతి ఇలాంటి యంత్రాల్ని ఏదో ఒక దారిలో అడ్డుకుంటుందని స్టీఫెన్ హాకింగ్ 1992లో ఒక ఊహాప్రతిపాదన చేశాడు. 2009 జూన్ 28న కాలయాత్రికుల కోసం విందు ఏర్పాటుచేసి, ఆహ్వానాలు మాత్రం విందు అయిపోయాక బయటపెట్టాడు. ఎవరూ రాలేదు. ఇది చమత్కారమే తప్ప రుజువు కాదని, థార్న్ లెక్క తెలిసినవాళ్ళు నవ్వుకోవచ్చు. 2009కి ముందు తవ్విన ద్వారం లేకపోతే అతిథులు ఏ దారిన వస్తారు?

యంత్రం సంగతి పక్కనపెట్టి, ఎలాగో 1937 జులై 2 తెల్లవారుజామున దిగామే అనుకుందాం. ఎక్కడ నిలబడాలి? ఈ ప్రశ్న ఎవరూ అడగరు. విమానం ఎక్కడుందో తెలియకే కదా ఇన్నేళ్ళ వెతుకులాట. పసిఫిక్‌లో ఆ క్షణంలో ఆమె తలపైనే ఉండాలంటే ఆమె ఎక్కడుందో ముందే తెలిసుండాలి. సరే, ఇటాస్కా మీదే దిగుదాం. అక్కడ అప్పటికే కళ్ళు కాయలు కాచేలా ఎదురుచూస్తున్న సిబ్బంది ఉన్నారు. ఆమెకి కనిపించాలని నౌక పొగగొట్టం నుంచి నల్లటి పొగ వదులుతున్నారు. 7 గంటల 42 నిమిషాలకి ఆమె గొంతు వినిపించింది: మీకు దగ్గర్లోనే ఉండి ఉండాలి, మీరు కనబడటం లేదు, ఇంధనం తగ్గిపోతోంది అని. ఆ తర్వాత శబ్దం ఎంత గట్టిగా వినిపించిందంటే, విమానం తలపైకి వచ్చేసిందనే రేడియో గదిలో అనుకున్నారు. సరిగ్గా ఆ సమయానికి, సరైన చోట, చెవులు రిక్కించుకుని ఉన్నవాళ్ళకే ఏమీ తెలియలేదు. వాళ్ళ పక్కన మనం అదనంగా ఒకళ్ళం నిలబడితే ఏం తెలుస్తుంది?

చివరి సందేశంలో ఆమె చెప్పిన అంకెలు 157, 337. ఉత్తరానికీ దక్షిణానికీ తిరుగుతున్నామంది. ఆ అంకెల అర్థం ఇది. జులై మొదట్లో భూమధ్యరేఖ దగ్గర సూర్యుడు 67 డిగ్రీల దిక్కున ఉదయిస్తాడు. ఉదయించే సూర్యుడి ఎత్తు కొలిచిన నావిగేటర్‌కి ఆ దిక్కుకి అడ్డంగా ఒక గీత దొరుకుతుంది. 67కి 90 కలిపితే 157, దాని ఎదురు దిక్కు 337. ఆ గీత మీద ఉన్నామని నూనన్‌కి తెలుసు. గీతలో ఎక్కడున్నామో తెలియదు. రెండు కిలోమీటర్ల పొడవున్న హౌలాండ్ దీవి ముందుందో, వెనకబడిందో చెప్పగలిగేది రేడియో దిక్సూచి ఒక్కటే. అదే ఆ ఉదయం పనిచేయలేదు.

ఇంకో దారి ఉంది: ఆ రోజు బయల్దేరిన వెలుతురుని పట్టుకోవడం. 1937 జులై 2న ఎలెక్ట్రా రెక్కల మీద పడి ఆకాశంలోకి చెదిరిన ఎండ ఇంకా ప్రయాణిస్తూనే ఉంది. ఇప్పటికి 88 కాంతి సంవత్సరాలు దాటిపోయింది. అంత దూరంలో ఎవరైనా ఉండి ఇటు చూస్తే వాళ్ళకి విమానం ఇంకా గాల్లోనే ఉంటుంది. ‘మాయాబజార్’లో ప్రియదర్శిని పెట్టెలా అన్నమాట. అయితే లెక్క వేస్తే నవ్వొస్తుంది. అంత దూరం నుంచి పది మీటర్ల వస్తువుని ఒక చుక్కగా గుర్తుపట్టాలన్నా దుర్బిణి వెడల్పు 5 కోట్ల కిలోమీటర్లు ఉండాలి. భూమికీ సూర్యుడికీ ఉన్న దూరంలో మూడో వంతు! ఆ దుర్బిణి ఇప్పుడు కట్టుకుని ఆ వెలుతురుని దాటి ముందుకు పోలేం కూడా. మళ్ళీ అదే షరతు: పట్టుకునేవాడు ముందుగానే అక్కడ ఉండాలి.

మనకి మిగిలింది, ఆ రోజు తెలియకుండానే ఏదైనా రాసుకున్న వస్తువు ఏదన్నా ఉందా అని వెతుక్కోవడం. అమీలియా విషయంలో అలాంటివి చాలా తక్కువ. ఇటాస్కా రేడియో లాగ్ ఉంది. లే పట్టణంలో విమానం లేస్తుండగా తీసిన సినిమా రీలు ముక్క ఉంది. అందులో విమానం పొట్ట కింది యాంటెన్నా తెగిపోయినట్టు కనిపిస్తోందని కొందరి వాదన. అంతకు రెండువారాల ముందే ఆమె కరాచీలోనూ, కలకత్తాలోనూ దిగి, రుతుపవనాల వానల్లో బర్మా వైపు వెళ్ళింది; ఆ ప్రయాణం పొడుగునా ఆమె పంపిన వార్తా కథనాలున్నాయి. 1940లో పసిఫిక్‌లోనే ఉన్న గార్డనర్ అనే దీవిలో కొన్ని ఎముకలు దొరికాయి. ఫిజీలో ఒక వైద్యుడు 1941లో కొలిచి అవి మగవాడివన్నాడు. ఎముకలు పోయాయి, కొలతల కాగితం మిగిలింది. 2018లో రిచర్డ్ జాంట్జ్ అనే మానవశాస్త్రవేత్త ఆ కొలతల్నే మళ్ళీ లెక్కగట్టి అవి అమీలియాకి బాగా సరిపోతున్నాయన్నాడు. ఎముకలే లేని ఎముకల వాదన ఎన్నాళ్ళు సాగినా తేలదని నా అభిప్రాయం. నన్ను ఎక్కువగా ఆకట్టుకున్నది మరో ప్రయత్నం. అదే నమూనా పాత రేడియోని బాగుచేసి, విమానంలో పెట్టి, వేర్వేరు దూరాల నుంచి మాట్లాడించి, ఇటాస్కాలో అంత గట్టిగా వినిపించాలంటే ఎంత దూరంలో ఉండాలో కొలిచారు. గతంలోకి వెళ్ళలేకపోయినా, గతంలోని ఒక కొలబద్దని మళ్ళీ తయారుచేసుకోవచ్చు.

తేదీ గొడవ కూడా ఇందులోకి వచ్చింది. నూనన్ దినరేఖ దాటాక నావికుల పంచాంగంలో తప్పు తేదీ పుట తెరిచాడేమో అని ఒక ఊహ ఉంది. నక్షత్రాలు రోజూ నాలుగు నిమిషాలు ముందుగా ఉదయిస్తాయి. నాలుగు నిమిషాలంటే ఒక డిగ్రీ. భూమధ్యరేఖ దగ్గర ఒక డిగ్రీ అంటే 111 కిలోమీటర్లు. అంటే తేదీ ఒకటి తప్పితే చోటు అంత తప్పుతుంది. లెక్క ముచ్చటగా ఉంది. కానీ నావికుల పంచాంగం గ్రీనిచ్ కాలంతో నడుస్తుంది, దినరేఖతో దానికి పని లేదు. నూనన్ లాంటి అనుభవజ్ఞుడు ఆ పొరపాటు చేశాడంటే నమ్మడం కష్టం. అయినా ఈ ఊహని పట్టుకుని ఒక అమెరికన్ సంస్థ హౌలాండ్‌కి పడమర దిశలో సముద్రం అడుగున సోనార్‌తో వెతికింది. సుమారు 5,000 మీటర్ల లోతులో విమానం ఆకారం కనిపించిందని 2024 జనవరిలో బొమ్మ విడుదల చేసింది. రెక్కలూ తోకా అన్నీ ఉన్నట్టే కనిపించాయి. ఆ ఏడాది నవంబరులో దగ్గరికి వెళ్ళి చూస్తే రాయి.

తెలియకుండా రాసుకున్నవి నిజంగా దారి చూపిన కథలు వేరే ఉన్నాయి. 1947 ఆగస్టు 2న స్టార్ డస్ట్ అనే బ్రిటిష్ విమానం బ్యూనస్ ఎయిరిస్ నుంచి శాంటియాగోకి వెళ్తూ 11 మందితో ఆండీస్ పర్వతాల్లో మాయమైంది. చివరి మోర్స్ సందేశంలో వచ్చిన అర్థంకాని ఒక్క మాట చుట్టూ గ్రహాంతరవాసుల దాకా కథలల్లారు. 1998లో పర్వతారోహకులకి టుపుంగాటో శిఖరం కింది హిమానీనదం అంచున ఒక రోల్స్ రాయిస్ ఇంజిన్ కనిపించింది. 2000లో అర్జెంటీనా సైన్యం వెళ్ళి మిగతావి పోగుచేసింది. విమానం ఎత్తయిన మంచులో గుద్దుకుంది. మీద మంచు కురిసి కప్పేసింది. ఆ మంచు గడ్డకట్టి హిమానీనదంలో కలిసి, శకలాల్ని మోసుకుంటూ యాభై ఏళ్ళపాటు మెల్లగా కిందికి జారి, వెచ్చటి చోట కరిగి బయటపెట్టింది. ఒక టైరులో ఇంకా గాలి ఉంది. మేఘాల మీంచి ఎగురుతున్న పైలట్లు పర్వతాలు దాటేశామనుకుని కిందికి దిగారని, ఎదురుగా వీచిన జెట్ ప్రవాహం వాళ్ళని అనుకున్నంత ముందుకి పోనివ్వలేదని నిపుణుల నిర్ధారణ. అంత ఎత్తున వీచే ఆ గాలుల సంగతి 1947లో పైలట్లకి సరిగ్గా తెలియదు. వెంటనే ఘటనాస్థలానికి వెళ్ళినా ఈ కారణం తోచడం అప్పుడు కష్టమే.

ఇక ఎంహెచ్370. 2014 మార్చి 8న కౌలాలంపూర్ నుంచి బీజింగ్‌కి 239 మందితో బయల్దేరిన ఆ బోయింగ్ 777 ట్రాన్స్‌పాండర్ 1 గంట 21 నిమిషాలకి మూగబోయింది. మలేసియా సైనిక రాడార్ 2 గంటల 22 నిమిషాల దాకా చూసింది. ఆ తర్వాత ఇన్మార్‌శాట్ ఉపగ్రహం గంటకోసారి ఉన్నావా అని అడుగుతుంటే, విమానంలోని పరికరం ఉన్నానంటూ ఉదయం 8 గంటల 11 నిమిషాల దాకా బదులిచ్చింది. అందులో విమానం ఎక్కడుందన్న సమాచారం ఏమీ లేదు. కానీ ప్రతి బదులుతోనూ రెండు అంకెలు నేలమీది కేంద్రంలో నమోదయ్యాయి. మొదటిది, బదులు రావడానికి పట్టిన కాలం. రేడియో తరంగం వేగం తెలుసు కాబట్టి ఉపగ్రహం నుంచి విమానం దూరం తెలుస్తుంది; ఆ దూరంలో ఉన్న చోట్లన్నీ భూమ్మీద ఒక పెద్ద వలయం. 2009లో ఎయిర్ ఫ్రాన్స్ 447 విమానం పోయాక, ఎందుకైనా మంచిదని ఇన్మార్‌శాట్ ఈ అంకెని దాచడం మొదలుపెట్టింది. అయిదేళ్ళ తర్వాత మొత్తం వెతుకులాటకి అదే ఆధారమైంది.

రెండో అంకె ఇంకా చిత్రం. వలయం మీద విమానం ఉత్తరానికి వెళ్ళిందా, దక్షిణానికా? విమానం కదలిక వల్ల తరంగం పౌనఃపున్యం కాస్త మారుతుంది, రైలు కూత మనల్ని దాటిపోగానే స్వరం మారినట్టు. విమానంలోని పరికరం ఈ మార్పుని తనే సరిచేసి పంపుతుంది, కానీ ఉపగ్రహం భూమధ్యరేఖ మీద నిశ్చలంగా ఉందని నమ్మి. ఆ ఉపగ్రహం పాతది. ఇంధనం పొదుపు చేయడానికి దాన్ని ఉత్తర దక్షిణాలుగా ఊగనిచ్చారు. ఆ ఊగిసలాట వల్ల సరిచేతలో చిన్న తప్పు మిగిలిపోయింది. ఉత్తరానికి పోయే విమానానికి ఒకలా, దక్షిణానికి పోయే విమానానికి ఒకలా. ఉపగ్రహం బుద్ధిగా కదలకుండా ఉండి ఉంటే ఆ రెండు దిక్కులకీ తేడా కనబడేదే కాదు. దక్షిణ హిందూ మహాసముద్రంలో వెతకాలన్న నిర్ణయం ఒక ముసలి ఉపగ్రహం తడబాటు చలవే.

2015 జులైలో రీయూనియన్ దీవిలో ఆ విమానం రెక్క భాగం ఒడ్డుకి కొట్టుకొచ్చింది. దానికి బార్నకిల్స్ అనే గుల్లజీవులు అంటిపెట్టుకుని ఉన్నాయి. వాటి గుల్ల పొరలు పొరలుగా పెరుగుతుంది. నీళ్ళు చల్లగా ఉంటే పొరలో బరువైన ఆక్సిజన్-18 పాలు పెరుగుతుంది. కాబట్టి పొరల్ని వరసగా చదివితే ఆ రెక్క ఏ ఏ ఉష్ణోగ్రతల నీళ్ళలో తేలుతూ వచ్చిందో తెలుస్తుంది. 2023లో అమెరికా శాస్త్రవేత్తలు ఈ పద్ధతిని ప్రచురించారు. వాళ్ళకి దొరికినవి చిన్న గుల్లలు, ప్రయాణం చివరి భాగమే వాటిలో ఉంది. విమానం కూలిన కొత్తలోనే అతుక్కున్నవి కావచ్చనుకునే పెద్ద గుల్లల్ని అప్పటికింకా పరీక్షించలేదు. 1,20,000 చదరపు కిలోమీటర్ల సముద్రగర్భాన్ని గాలించినవాళ్ళు కొన్ని గుల్లల్ని కోసి చూడటంలో ఎందుకంత నింపాదిగా ఉన్నారో నాకు అర్థం కాదు.

దొరకకపోవడం కూడా సమాచారమేనని నేర్పింది ఎయిర్ ఫ్రాన్స్ 447. 2009 జూన్ 1న 228 మందితో అట్లాంటిక్‌లో పడిన ఆ విమానం కోసం మొదట బ్లాక్‌బాక్స్ చేసే టిక్ టిక్ శబ్దాల కోసం విన్నారు. వినబడకపోయేసరికి, అక్కడ లేదనుకుని వేరే చోట్లకి పోయారు. రెండేళ్ళు దొరకలేదు. తర్వాత గణితజ్ఞులు బేస్ సూత్రంతో మళ్ళీ లెక్కగట్టారు. ఒక్కో చోటులో ఉండే అవకాశం ఎంత, అక్కడ ఉన్నా వెతికినవాళ్ళు కనిపెట్టలేకపోయే అవకాశం ఎంత అని రెండూ కలిపి చూసే లెక్క అది. శబ్దం చేసే పరికరాలు రెండూ పాడైపోయాయేమో అని ఒక్క ఊహ మార్చేసరికి, అప్పటికే విని వదిలేసిన ప్రాంతం పటంలో మళ్ళీ ఎర్రగా వెలిగింది. 2011 ఏప్రిల్‌లో వెతుకులాట మళ్ళీ మొదలైన వారం రోజుల్లోనే, సుమారు 3,900 మీటర్ల లోతులో శకలాలు కనబడ్డాయి. విమానం చివరిసారి తన చోటు తెలిపిన స్థానానికి పన్నెండు కిలోమీటర్ల దూరంలోనే ఉన్నాయి.

మన తీరంలోనూ ఇలాంటిదొకటి జరిగింది. 2016 జులై 22 ఉదయం చెన్నై దగ్గరి తాంబరం నుంచి పోర్ట్‌బ్లెయిర్‌కి బయల్దేరిన వైమానిక దళం ఏఎన్-32 విమానం బంగాళాఖాతం మీద రాడార్ నుంచి మాయమైంది. అందులో 29 మంది. వాళ్ళలో ఎనిమిది మంది విశాఖపట్నంలోని నేవల్ ఆర్మమెంట్ డిపో ఉద్యోగులు. నౌకలూ విమానాలూ వారాల తరబడి వెతికాయి. ఒక్క ముక్క దొరకలేదు. సెప్టెంబరులో వెతకడం ఆపేశారు. కనబడకుండా పోయిన మనిషి గురించి ఏడేళ్ళపాటు ఏ వార్తా లేకపోతే చనిపోయినట్టు భావించవచ్చని మన సాక్ష్య చట్టం చెబుతుంది. విశాఖలో ఆ ఇళ్ళకి ఆ ఏడేళ్ళూ గడిచిపోయాయి. 2024 జనవరిలో రక్షణశాఖ ఒక ప్రకటన చేసింది. చెన్నైలోని జాతీయ సముద్ర సాంకేతిక సంస్థ, మనిషి లేకుండా తనంతట తాను నడిచే జలాంతర వాహనాన్ని విమానం చివరిసారి కనిపించిన ప్రాంతంలోకి దింపింది. చెన్నై తీరానికి వందల కిలోమీటర్ల దూరంలో, 3,400 మీటర్ల లోతున ఒక విమానం శకలాలు సోనార్‌కీ, కెమెరాకీ చిక్కాయి. చిత్రాలు ఏఎన్-32తో సరిపోయాయి. ఆ ప్రాంతంలో ఇంకే విమానమూ పోయిన దాఖలా లేదు.

ఏడున్నరేళ్ళ తర్వాత విమానం ఎక్కడుందన్నది తెలిసింది. ఎందుకు పడిందన్నది ఆ చిత్రాలు చెప్పలేవు. దానికి రికార్డర్ కావాలి, ఆ రికార్డర్ ఆ క్షణాన్ని రాసుకుని ఉండాలి. ఎంహెచ్370 నేడో రేపో దొరికినా, దాని కాక్‌పిట్ వాయిస్ రికార్డర్‌లో చివరి రెండు గంటల మాటలే ఉంటాయి. పాతవాటి మీద కొత్తవి రాసుకుంటూ పోయే పరికరం అది. విమానం దారి మళ్ళాక ఆరు గంటలకు పైగా ఎగిరింది. అందరికీ కావలసిన ఆ అర్ధరాత్రి మాటల్ని అది తనంతట తనే చెరిపేసుకుని ఉండవచ్చు.

ఆ రాత్రి తర్వాత అంతర్జాతీయ పౌర విమానయాన సంస్థ నిబంధనలు మార్చింది. సముద్రాల మీద ఎగిరే పెద్ద విమానాలు పదిహేను నిమిషాలకోసారైనా ఎక్కడున్నదీ తెలపాలి. 2022 నుంచి కొత్తగా సేవలోకి వచ్చే పెద్ద విమానాల్లో కాక్‌పిట్ మాటల్ని 25 గంటలపాటు దాచాలి. నీళ్ళలో పడ్డ బ్లాక్‌బాక్స్ ఇదివరకటిలా 30 రోజులు కాక 90 రోజులపాటు శబ్దం చేయాలి. 2024 నుంచి వచ్చిన 27 టన్నుల పైబడ్డ విమానాలు ఆపద ఎదురైతే, పైలట్ మీట నొక్కినా నొక్కకపోయినా, నిమిషానికోసారి తమ చోటు తామే చెప్పాలి. అంతకుముందు తయారైనవి వేల సంఖ్యలో ఇంకా ఎగురుతూనే ఉన్నాయి. ఇవన్నీ పౌర విమానాలకే. తాంబరం నుంచి లేచిన ఏఎన్-32 లాంటి సైనిక విమానాలు ఈ నిబంధనల కిందికి రావు.